మణిమాలిక దేనికి భయపడింది?

(రేడియోలో మహిళల కార్యక్రమంలో చేసిన ప్రసంగ పాఠం)



దయ్యాల కథలంటే మనకు కొత్తేమీ కాదు. మర్రిచెట్టు, పాడుబడిన బావి, అర్ధరాత్రి గజ్జెల చప్పుడు, వెనక్కి తిరిగిన పాదాలు – ఇవన్నీ అమ్మమ్మల దగ్గర విన్నవే. తెల్లచీర, విరబోసుకున్న జుట్టు, పొగమంచులో పాట సినిమాల్లో చూసినవే. హాల్లో వున్నంతసేపూ గుండె దడదడలాడుతుంది. ఇంటికొచ్చి అన్నం వార్చుకునేసరికి భయం కాస్తా ఎగిరిపోతుంది. అంతేగదా!

కానీ ఇంకో రకం భయం వుంది. అది చెట్టుమీద నుంచి దిగిరాదు, మన ఇంట్లోనే పుడుతుంది. భార్యాభర్తల నడుమ మాట కరువైనచోట, ఒకరి మనసులో ఏముందో ఒకరికి తెలియనిచోట పుడుతుంది. గొప్ప రచయితలు ఈ భయాన్ని పట్టుకుని కథలు రాశారు, మంచి దర్శకులు వాటిని సినిమాలు తీశారు. అలాంటి కథనూ, సినిమానూ ఒకదాన్ని తీసుకుని నాలుగు మాటలు మనవి చేస్తాను. కథ రవీంద్రనాథ ఠాకూరుది, సినిమా సత్యజిత్ రాయ్‌ది. రెంటి పేరూ ‘మణిహారా’.

పేరు వినగానే మనకు మణుల హారం గుర్తొస్తుంది. బెంగాలీలో అర్థం అది కాదు. ‘హారా’ అంటే పోగొట్టుకోవడం. మణులు పోయాయి అనుకోవచ్చు, మణి అనే మనిషి పోయిందీ అనుకోవచ్చు. కథానాయిక పేరు మణిమాలిక. నగలు పోగొట్టుకుంటానేమోనని ఆమెకు భయం. చివరకు ఆమెనే పోగొట్టుకున్నవాడు భర్త ఫణిభూషణ్. కథ సారమంతా ఆ ఒక్క పేరులోనే ఇమిడి వుంది చూడండి.

ఠాకూరు ఈ కథ రాసింది 1898లో. ఆయన శతజయంతి సంవత్సరం 1961లో సత్యజిత్ రాయ్ ఆయన కథలు మూడింటిని కలిపి ‘తీన్ కన్య’ అనే చిత్రంగా తీశారు. మూడు కథలు, ముగ్గురు ఆడపిల్లలు. మొదటిది ‘పోస్ట్‌మాస్టర్’లో అనాథ పిల్ల రతన్, మూడోది ‘సమాప్తి’లో చెట్లెక్కి తిరిగే అల్లరిపిల్ల మృణ్మయి. ఈ రెంటి నడుమ వచ్చేది మన మణిమాలిక. విదేశాలకు పంపినప్పుడు ఈ నడిమి కథను తీసేసి, మిగిలిన రెండింటినే ‘ఇద్దరు కూతుళ్లు’ అనే అర్థం వచ్చే పేరుతో చూపించారు. అంచేత ఎంతోకాలం బయటి ప్రపంచానికి మణిమాలిక సంగతే తెలియకుండా పోయింది. బతికినన్నాళ్లూ ఆమె మాట ఎవరూ వినలేదు, సినిమాలోనూ అంతే అయింది కాబోలు!

ముందు కథ చెప్పుకుందాం. ఫణిభూషణ్ సాహా కలిగినవాడు, చదువుకున్నవాడు, నెమ్మదస్తుడు. భార్య అందగత్తె. పిల్లలు లేరు. ఇల్లు చూస్తే పెద్దది, నదీతీరాన వుంది. ఇంటి ముందు నదిలోకి దిగే మెట్లు. అతను భార్యకు అడిగినవీ అడగనివీ నగలు తెచ్చి ఇస్తూంటాడు. ఆమె పుచ్చుకుంటుంది, పెట్టెలో పెట్టుకుంటుంది. పెట్టుకుని మురిసిపోయి చూపించడానికి చుట్టుపక్కల ఎవరున్నారు గనక? భర్త మీద కోపమూ లేదు, ఆపేక్షా లేదు. అడిగిందల్లా దొరుకుతూంటే ఇక మాట్లాడటానికి ఏముంటుంది?

ఇలా వుండగా వ్యాపారంలో దెబ్బ తగిలింది. చేతిలో డబ్బు ఆడటం లేదు. ఊళ్లో అప్పు పుట్టించబోతే పరువు పోతుందని భయం. భార్య నగలు తాకట్టు పెడితే గండం గడుస్తుంది. ఈ మాట ఆమె దగ్గర ఎత్తడానికి అతనికి నోరు రాలేదు. నానా అవస్థాపడి ఎలాగో ఎత్తాడు. ఆమె ఔననలేదు, కాదనలేదు. ముఖం మాత్రం గట్టిపడింది. అతను ఇంకోసారి అడగలేదు. మారుమాట లేకుండా డబ్బుకోసం కలకత్తా బయల్దేరాడు.

ఇక్కడ మనం కొంచెం ఆగాలి. అతను ‘సరే, నీ నగలు ముట్టుకోను, నిశ్చింతగా వుండు’ అని ఒక్క మాట చెప్పి వెళ్తే కథ అక్కడితో ముగిసిపోయేది. ఆమె ‘నగలిస్తే మళ్లీ ఎప్పుడు విడిపిస్తావు?’ అని ఒక్క మాట అడిగినా ముగిసిపోయేదే. ఇద్దరూ నోరు విప్పలేదు. ఆ మౌనంలోనే దయ్యం పుట్టింది.

భర్త లేని ఇంట్లో ఆమె తన దూరపు బంధువు మధుసూదన్‌కు కబురు పెట్టింది. ఏం చెయ్యమంటావని అడిగింది. ‘ఆయనకు డబ్బు దొరకదు, చివరకు నీ నగల మీదికే వస్తాడు’ అన్నాడతను. ఆమెకూ అదే అనుమానం. పుట్టింటికి వెళ్లిపోదామని రాత్రికి రాత్రి పడవ ఎక్కింది. నగలపెట్టె ఇలా ఇవ్వమన్నాడు మధు. ఆమె దగ్గర పెట్టె లేదు. ఉన్న నగలన్నీ ఒంటిమీద దిగేసుకుని, పైన మందపాటి దుప్పటి కప్పుకుంది. పెట్టెలో పెడితే పెట్టె పోవచ్చు. ఒంటి మీద వుంటే తనను చంపితే తప్ప పోవు. ఇదీ ఆమె లెక్క.

నాకు కథ మొత్తంలో ఒళ్లు జలదరించే చోటు ఇదే. దయ్యం ఇంకా రాలేదు. అయినా ఒక ఆడమనిషి ప్రాణానికీ నగలకూ నడుమ తేడా లేకుండా చేసుకున్న క్షణం అది. ఆ పడవ పుట్టిల్లు చేరలేదు.

పది రోజులకు ఫణిభూషణ్ తిరిగొచ్చాడు. డబ్బు దొరికింది, గండం గడిచింది. నగల అవసరమే లేకపోయింది! ఇంట్లో భార్య లేదు. కబురు పెడితే పుట్టింటికీ రాలేదన్నారు. నౌకర్లకు తెలియదు. ఇక అతను ఆ గదిలో, ఆమె వాడిన వస్తువుల మధ్య కూర్చుండిపోయాడు.

వర్షాకాలం, చీకటి రాత్రి. నది మెట్ల మీది నుంచి ఏదో చప్పుడు పైకి వస్తూంది. నగలు ఒకదానికొకటి తగిలినట్టు, ఎముకలు తాకినట్టు ఠకఠక, ఘల్లుఘల్లు. మొదటి రాత్రి మూసిన వీధితలుపు దగ్గర ఆగింది. తలుపు తెరవబోయి ఉలిక్కిపడి లేచాడు, కలే! రెండో రాత్రి వీధితలుపు తెరిచి వుంచమన్నాడు. చప్పుడు మేడెక్కి పడకగది గుమ్మందాకా వచ్చింది. ‘మణీ’ అని కేకపెట్టాడు, మెలకువ వచ్చేసింది. మూడో రాత్రి గదిలోకే వచ్చింది. ఎముకల గూడు, ప్రతి ఎముకకూ నగ. కళ్లు మాత్రం బతికున్నవి. రమ్మని సైగచేసింది. అతను మెట్లు దిగి, నదిలో కాలుపెట్టి మునిగిపోయాడు.

ఇంత చెప్పాక కథలో మరో మెలిక వుంది. ఇదంతా మనకు చెప్పేది ఎవరు? ఆ వూరి బడిపంతులు. పాడుబడిన ఘాట్ దగ్గర ఓ కొత్త మనిషిని కూర్చోబెట్టి చెప్తాడు. ఆయనకు ఆడవాళ్ల మీద చాలా అభిప్రాయాలున్నాయి. భర్త మెత్తనివాడైతే భార్య లక్ష్యపెట్టదట, కాస్త కరుకుగా వుంటేనే ప్రేమిస్తుందట, చదువుకున్న మగవాళ్లు మెతకబడి సంసారాలు చెడగొట్టుకుంటున్నారట! కథంతా విన్న ఆ మనిషి నెమ్మదిగా చెప్తాడు – నా పేరే ఫణిభూషణ్ సాహా అని. పంతులు తడబడడు. మరి మీ భార్య పేరేమిటని అడుగుతాడు. ‘నృత్యకాళి’ అంటాడతను. దానితో కథ అయిపోతుంది.

అంటే మణిమాలిక అనే మనిషే లేదా? పంతులు ఊరి గాలికబుర్లను పోగేసి ఎవరి సంసారాన్నో బజారుకెక్కించాడా? లేక మాట్లాడుతున్నదే చనిపోయిన ఫణిభూషణా? ఠాకూరు చెప్పడు. మనల్నే ఆలోచించుకోమంటాడు.

ఇక సినిమా సంగతి. మంచి పుస్తకాన్ని తెరకెక్కించడంలో ఒక చిక్కుంది. రచయిత ‘ఆమె మనసు గట్టిపడింది’ అని రాస్తే సరిపోతుంది. కెమెరాకు మనసు కనపడదు. గోడలు, తలుపులు, ముఖం, చేతులు కనపడతాయి. మరి మనసులోని భయాన్ని చూపించేదెలా?

రాయ్ ఇంటిని పట్టుకున్నారు. మామయ్య ఆస్తి కలిసొచ్చి భార్యాభర్తలు ఆ పెద్ద భవంతిలో దిగుతారు. కళాదర్శకుడు బన్సీ చంద్రగుప్త, ఛాయాగ్రాహకుడు సౌమేందు రాయ్. ఇల్లు నిండా బరువైన సామాను, అలంకరణ వస్తువులు. వస్తువులు కిక్కిరిసి వున్నాయి, మనుషులు మాత్రం ఇద్దరే. పిల్లల అలికిడి లేదు. నిండుగా వుండీ ఖాళీగా వున్న ఇల్లు! మణిమాలికగా కణికా మజుందార్, ఫణిభూషణ్‌గా కాళీ బెనర్జీ వేశారు. కణిక ముఖంలో దుర్మార్గం కనిపించదు. ఏదో పోతుందేమోనన్న ఆందోళన కనిపిస్తుంది. ఆ ముఖం చూశాక ఆమెను పట్టుకుని ‘నగలపిచ్చిది’ అని తేలిగ్గా అనేయలేం.

రెండోది చప్పుడు. రాయ్ తన చిత్రాలకు తానే సంగీతం కూర్చుకోవడం ‘తీన్ కన్య’తోనే మొదలుపెట్టారు. అంతకుముందు అపూ కథల మూడు సినిమాలకూ రవిశంకర్ కూర్చారు. భయపెట్టే సినిమాలో సగం పని చెవిదే అని మనకు తెలుసు. ఇంట్లో ఒంటరిగా వున్నప్పుడు వంటింట్లో గిన్నె కదిలితే ఎలా వుంటుందో మగవాళ్లకంటే మనకే ఎక్కువ తెలుసు. ఏ నగల చప్పుడు వింటే ఇంట్లో ఇల్లాలు తిరుగుతోందని నిశ్చింతగా వుంటామో, అదే చప్పుడును భయానికి గుర్తుగా మార్చడంలోనే వుంది నేర్పు.

ఈ చిత్రంలో మణిమాలిక పాడే పాట ఒకటుంది, ‘బాజే కరుణ సురే’. పాడింది రుమా గుహఠాకుర్తా. ఈ ఠాకూరు పాటకూ మన తెలుగుకూ చుట్టరికం వుంది. సింహేంద్రమధ్యమ రాగంలో ‘నీదు చరణములే’ అనే కీర్తన మీలో సంగీతం నేర్చుకున్నవారికి తెలిసే వుంటుంది. శాంతినికేతన్‌లో చదువుకున్న ఒక దక్షిణాది విద్యార్థిని ద్వారా ఆ బాణీ ఠాకూరు చెవిన పడింది. దానిమీదనే ఆయన ఈ బెంగాలీ పాట కట్టారు. భగవంతుని పాదాలు నమ్ముకున్న కీర్తన బాణీ, ఎవర్నీ నమ్మలేని ఒక ఇల్లాలి నోట వినిపిస్తుందన్నమాట.

మూడోది, దయ్యాన్ని ఎంత చూపించాలన్న లెక్క. కథలో ఎముకల గూడు మొత్తం నడిచి వస్తుంది. సినిమాలో అలా నడిపిస్తే జనం నవ్వినా నవ్వుతారు. రాయ్ చివరిదాకా చూపించరు. కలకత్తా నుంచి భర్త ప్రేమగా తెచ్చిన నగలపెట్టె అక్కడ వుంటుంది. ముసుగు కప్పుకున్న ఆకారం వచ్చి కూర్చుంటుంది. వచ్చావా అని అతను సంతోషపడతాడు. అంతలో బంగారు గాజులు తొడుక్కున్న ఎముకల చెయ్యి ఒక్కసారిగా ఆ పెట్టె మీద పడుతుంది. అంతే! చచ్చిపోయాక కూడా ఆమె భర్తకోసం రాలేదు, నగలకోసమే వచ్చింది. ఆ భర్తకు దయ్యాన్ని చూసిన భయం కంటే ఈ సంగతి తెలియడమే పెద్ద దెబ్బ.

ఇక నాలుగోది ముగింపు. సినిమాలో పంతులు గంజాయి పీలుస్తూ, తాను రాసిన కథను శాలువా కప్పుకున్న మనిషికి వినిపిస్తాడు. ఆ మనిషి పేరు చెప్పి మాయమైపోతాడు. అంతసేపూ ఆడవాళ్ల గురించి ధీమాగా తీర్పులు చెప్పిన పంతులు బెదిరి పరుగు తీస్తాడు. నృత్యకాళి అనే పేరు వినిపించే అవకాశం ఇక్కడ లేదు. కొందరు విమర్శకులకు ఈ మార్పు నచ్చకపోవచ్చు. నా మటుకు నాకు ఇందులో ఒక న్యాయం కనిపిస్తుంది. ఒకరి సంసారాన్ని నోటికొచ్చినట్టు కథలల్లి చెప్పేవాడు, ఆ సంసారి ఎదుట పడితే నిలబడలేడు.

రాయ్‌కు దయ్యాలంటే సరదా. ఆయన తాతగారు ఉపేంద్రకిశోర్ రాసిన కథ ఆధారంగా 1969లో తీసిన ‘గూపీ గాయెన్ బాఘా బాయెన్’లో దయ్యాలు బారులు తీరి నాట్యమే చేస్తాయి. పిల్లలు చప్పట్లు కొట్టి చూసే దయ్యాలవి. కానీ ఇంటి గోడల మధ్య కథ చెప్పేటప్పుడు ఆయన పద్ధతే వేరు. 1960లో తీసిన ‘దేవి’ గుర్తు చేసుకోండి. మామగారికి కలొచ్చిందని కోడలిని కాళీమాతగా పీట మీద కూర్చోబెడతారు. అందులో దయ్యం లేదు, అయినా ఏ దయ్యాల సినిమాకూ తీసిపోని భయం వుంది. 1964 నాటి ‘చారులత’ కూడా ఠాకూరు రాసినదే. పెద్ద ఇల్లు, పనిలో మునిగిన మంచి భర్త, పొద్దుపోని భార్య. చారులతకు రాయడం చేతనైంది, మనసులో మాట కాగితం మీద పెట్టుకుంది. మణిమాలికకు ఆ దారి లేదు. ఆమెకు దొరికిన భాష నగలే.

ఈ విద్య ఒక్క మన దేశానిదే కాదు. అదే 1898లో హెన్రీ జేమ్స్ ఆంగ్లంలో ఒక దయ్యాల కథ రాశారు. అదే 1961లో జాక్ క్లేటన్ దాన్ని ‘ది ఇన్నోసెంట్స్’ పేరిట సినిమా తీశారు. ఇద్దరు పిల్లలను చూసుకోవడానికి ఒక పెద్ద భవంతికి వచ్చిన ఉపాధ్యాయినిగా డెబోరా కెర్ నటించింది. ఆమెకు కనబడేవి నిజంగా దయ్యాలా, ఆమె మనసులోని భయాలా అనేది చివరిదాకా తేలదు. రెండు ఖండాల్లో, ఒకరితో ఒకరికి సంబంధం లేకుండా, ఒకే సంవత్సరంలో రాసిన రెండు కథలు, ఒకే సంవత్సరంలో తీసిన రెండు సినిమాలు. రెంటిలోనూ పెద్ద ఇల్లు, ఒంటరి స్త్రీ, చెప్పుకోవడానికి మనిషి లేకపోవడం!

ఇప్పుడు అసలు ప్రశ్నకు వద్దాం. మణిమాలిక దేనికి భయపడింది?

నగలపిచ్చి అని అనేయడం తేలిక, పంతులు చేసింది అదే. కానీ 1898 నాటి ఇల్లాలి పరిస్థితి చూడండి. భూమి ఆమె పేర వుండదు. ఇల్లు ఆమెది కాదు. భర్త పోతే బిడ్డలు లేని భార్య ఆ ఆస్తిని బతికినన్నాళ్లు అనుభవించవచ్చు గాని, ఇష్టం వచ్చినట్టు అమ్ముకునే స్వేచ్ఛ లేదు. పిల్లలు లేరని భర్త మరో పెళ్లి చేసుకుంటే అడ్డుచెప్పే చట్టం లేదు, అది 1955లో గాని రాలేదు. ఇక ఆమెకు నాది అని చెప్పుకోవడానికి వున్నదేమిటి? ఒంటి మీది బంగారం. అదే స్త్రీధనం. అయితే దానికీ ఒక మినహాయింపు వుంది. కరువులో, రోగంలో, ధర్మకార్యానికి, నిర్బంధంలో పడినప్పుడు భర్త స్త్రీధనం వాడుకుంటే తిరిగి ఇవ్వనక్కర్లేదని యాజ్ఞవల్క్య స్మృతి చెప్తుంది. ‘ఆపద వచ్చింది, నగలియ్యి’ అన్న మాట విని ఆమె ముఖం గట్టిపడిందంటే వింత ఏముంది? ఆమె బిడ్డలా పెంచుకున్నది అదొక్కటే.

ఆమె చేసింది మంచిపని అనను. నమ్మదగిన భర్తను నమ్మలేదు, నమ్మరాని మధుసూదన్‌ను నమ్మింది. దానికి మూల్యం ప్రాణం. కానీ ఆ అపనమ్మకం ఆమె ఒక్కదాని గుణం కాదు, ఆ కాలం ఆమె ఒంటిమీద దిగేసిన నగ అది కూడా.

తర్వాత కాలం మారింది. 1956 నాటి హిందూ వారసత్వ చట్టం స్త్రీకి తన ఆస్తి మీద సంపూర్ణ హక్కు ఇచ్చింది. 1985లో సుప్రీంకోర్టు ఒక తీర్పులో స్త్రీధనం పూర్తిగా భార్యదేననీ, అత్తవారింట వుంచినంత మాత్రాన అది వాళ్లదైపోదనీ, నమ్మి అప్పగించిన సొమ్ములాంటిదేననీ చెప్పింది. ఉమ్మడి ఆస్తిలో కూతురికి కొడుకుతో సమానంగా వాటా ఇస్తూ 1986లో మన ఆంధ్రప్రదేశ్ చట్టం చేసింది. దేశమంతటికీ ఆ హక్కు 2005లో వచ్చింది. ఈ సంగతులు తెలిసిన ఇల్లాలికి మణిమాలిక భయం వుండనక్కర్లేదు.

కానీ చట్టం ఇచ్చేది హక్కు. మాట ఇచ్చిపుచ్చుకోవలసింది మనమే. ఈనాటికీ ఎన్ని ఇళ్లలో భర్త అప్పుల సంగతి భార్యకు తెలుసు? బాంకు లాకరు తాళంచెవి ఎక్కడుందో, ఇన్సూరెన్సు కాగితాల్లో ఎవరి పేరు రాశారో ఎంతమందికి తెలుసు? ‘ఆడవాళ్లకెందుకు చెప్పి కంగారు పెట్టడం’ అని ఆయన దాస్తారు. ‘చెప్తే ఖర్చయిపోతుంది’ అని మనం పోపులడబ్బాలో దాస్తాం. అది ప్రేమతోనే కావచ్చు, జాగ్రత్తతోనే కావచ్చు. ఫణిభూషణ్ కూడా ప్రేమతోనే నోరు మూసుకున్నాడు.

కనక నేను చెప్పేది చిన్నమాట. నెలకొకసారైనా భార్యాభర్తలు ఇంటి లెక్క ముందు పెట్టుకుని కూర్చోండి. రావలసింది, ఇవ్వవలసింది, దాచింది, తాకట్టులో వున్నది దాపరికం లేకుండా చెప్పుకోండి. నగలు ఇవ్వవలసి వస్తే ఎంతకు, ఎన్నాళ్లకు, ఎలా విడిపిస్తారు అని అడగండి. అడగడం అపనమ్మకం కాదు, అడగకుండా లోపల లెక్కలు వేసుకోవడమే అపనమ్మకం. కూతుళ్లకు నగలు చేయించండి, వద్దనను. దానితోపాటు తన సంగతి తాను నోరువిప్పి చెప్పుకునే ధైర్యం కూడా పెట్టండి. అది ఎవరూ తాకట్టు పెట్టలేని నగ.

అవకాశం దొరికితే ‘మణిహారా’ చూడండి. వీలైతే ఇంట్లో అందరూ కలిసి చూడండి. చివర్న ఆ చెయ్యి పెట్టె మీద పడినప్పుడు కళ్లు మూసుకోకండి. ఆ ఎముకల చేతికి వున్న గాజులు చూడండి. ఆమెను మణిమాలిక అనండి, నృత్యకాళి అనండి, ఆమె చెప్పవలసిన కథ ఇంకా ఎవరూ చెప్పలేదని మీకే తోస్తుంది. చూశాక ఆ కథేమిటో ఇంట్లో మాట్లాడుకోండి.

సెలవు.